ఏ పురుగు బాబూ?

ఆ రోజు అరకు సంతలో పసుపు కొమ్ములు బేరం చేస్తున్నాను. వెనక నుంచి ఎవరో భుజం మీద చెయ్యి వేశారు. తిరిగి చూస్తే నలభై ఏళ్ళ మనిషి. డుంబ్రిగుడ వైపు కొండ మీద ఊరట. చిన్నప్పుడు జ్వరమొచ్చిన ప్రతిసారీ తల్లి ఎత్తుకొస్తే, వేలు గుచ్చి నెత్తురు తీసింది నేనేనట. నాకు గుర్తు లేదు, అతనికి మాత్రం నా ముఖం గుర్తుంది. చంకలో ప్లాస్టిక్ కవరు పెట్టుకున్నాడు. అందులో స్కానింగ్ ఫిల్ము, మందుల చీటీలు, మడతల దగ్గర చిరుగుపట్టిన డిశ్చార్జి కాగితం ఉన్నాయి.

"మా గుంటడి తలకాయలో పురుగుందన్నారు. ఏ పురుగు బాబూ?" అని అడిగాడు.

కాగితం విప్పి చూశాను. మొత్తం ఇంగ్లీషు. రోగం పేరు రాయాల్సిన చోట మూడే అక్షరాలున్నాయి: ఎన్.సి.సి. ఊళ్ళో ఇంటరు చదివిన కుర్రాడికి చూపిస్తే, ఎన్‌సీసీ అంటే కాలేజీలో కవాతు చేయిస్తారే అదే అన్నాడట. ఆశ్రమ పాఠశాలలో చదివే కొడుకు గురించి రాసిన కాగితం కాబట్టి బడి సంగతేదో అయి ఉంటుందనుకుని తండ్రి ఊరుకున్నాడు. ఆ మూడక్షరాలకి అర్థం న్యూరోసిస్టిసెర్కోసిస్. మెదడులో బద్దె పురుగు పిల్ల తిత్తి కట్టుకుని కూర్చుందని. పన్నెండేళ్ళ పిల్లాడి తలలో ఏముందో తండ్రికి చెప్పాల్సిన కాగితం అతనికి ఏమీ చెప్పలేదు.

నేను డాక్టర్ని కాను, ల్యాబ్ టెక్నీషియన్ని. అనంతగిరి, అరకు, హుకుంపేట, పెదబయలు మండలాల్లో ముప్పై ఒక్క ఏళ్ళు నెత్తురు, కఫం, మలం సూక్ష్మదర్శినిలో చూడడమే నా ఉద్యోగం. వైద్యం గురించి డాక్టర్లకి పాఠం చెప్పే అర్హత నాకు లేదు. పేర్ల గురించి చెప్పే అర్హత మాత్రం ఉందనుకుంటున్నాను. ఎందుకంటే ల్యాబ్‌లో కూర్చున్నవాడి పని ఒక్కటే: కనబడినదానికి సరైన పేరు పెట్టడం.

ఏజెన్సీలో పనిచేసిన ఎవరినైనా అడగండి. బడి ముఖం చూడని ముసలమ్మ కూడా "నాకు పీఎఫ్ వచ్చింది బాబూ" అంటుంది. పీఎఫ్ అంటే ప్లాస్మోడియం ఫాల్సిపారం. లాటిన్ పేరులోని మొదటి అక్షరాలు. పీవీ అంటే వైవాక్స్. పీఎఫ్ అయితే ప్రాణం మీదికి తెస్తుందనీ, మూడు రోజుల మందు పూర్తిగా మింగాలనీ ఆమెకి తెలుసు. పీవీ అయితే పద్నాలుగు రోజుల మాత్ర ఉంటుందనీ, మానేస్తే జ్వరం మళ్ళీ తిరగబెడుతుందనీ తెలుసు. ఎలా తెలుసు? మలేరియా కార్యకర్తలూ, ఏఎన్ఎంలూ, ఆశాలూ, మాలాంటి టెక్నీషియన్లూ స్లైడు చూసిన ప్రతిసారీ పేరు చెప్పి, దాని మందు చేతిలో పెట్టి, తేడా విడమరిచారు కాబట్టి. కొండల్లో జనానికి కష్టమైన పేర్లు అర్థం కావని ఎవరైనా అంటే నేనొప్పుకోను. నా కళ్ళతో చూశాను. వాళ్ళు రెండు పరాన్నజీవుల్ని పేరు పేరునా ఎరుగుదురు.

మరి పురుగుల దగ్గరికొచ్చేసరికి మనం ఒకే ఒక్క మాటతో ఎందుకు సరిపెడుతున్నాం?

మన భాషకేమీ లోటు లేదు. ఏలిక పాములున్నాయి, నులి పురుగులున్నాయి, కొంకి పురుగులున్నాయి, బద్దె పురుగులున్నాయి. గొర్రెలు కాసేవాళ్ళు వీటన్నిటినీ నట్టలంటారు. నట్టల మందు ఏ కాలంలో తాగించాలో, తాగించకపోతే పిల్ల ఎలా నీరసిస్తుందో వాళ్ళకి ఎవరూ చెప్పక్కర్లేదు. సూక్ష్మదర్శిని కింద ఇవి ఒకదానికొకటి పోలికే ఉండవు. అగ్గిపుల్ల కొసకి వచ్చినంత మలాన్ని ఉప్పునీటి చుక్కలో కలిపి, పైన పల్చటి గాజుబిళ్ళ వేసి చూస్తాం. ఏలిక పాము గుడ్డు గోధుమరంగులో, పైనంతా బుడిపెలతో, పనస కాయ తొక్కలా కనబడుతుంది. కొంకి పురుగు గుడ్డుకి గాజు పొరలాంటి పల్చటి పెంకు, లోపల నాలుగో ఎనిమిదో కణాల ముద్ద. బద్దె పురుగు గుడ్డు గుండ్రంగా, దళసరి పెంకుతో, ఆ పెంకు చుట్టూ బండి చక్రం ఆకుల్లా గీతలతో ఉంటుంది. ఒక్కసారి చూసినవాడు మర్చిపోడు.

ఈ తేడాలు పుస్తకం కోసం పెట్టుకున్నవి కావు. ఏలిక పాము గుండ్రటి పురుగుల జాతి. ఆ జాతిని శాస్త్రంలో నిమటోడులంటారు. గ్రీకులో నీమా అంటే దారం. మనిషి పేగులో అడుగు పొడవు దాకా పెరుగుతుంది, ఆడది రోజుకి రెండు లక్షల దాకా గుడ్లు పెడుతుంది. దాని పిల్ల నెత్తురులో పడి, ఊపిరితిత్తుల మీదుగా గొంతుకొచ్చి, మళ్ళీ కడుపులోకే దిగుతుంది. మెదడులో కాపురం పెట్టడం దాని స్వభావం కాదు. బద్దె పురుగుది వేరే వంశం, రిబ్బనులా చదునుగా ఉంటుంది. సరిగా ఉడకని పంది మాంసంలోని తిత్తి మింగితే అది పేగులో మీటర్ల పొడవు పెరుగుతుంది. ఇంతవరకూ కడుపు సంగతి. ఆ మనిషి మలంలో వచ్చిన గుడ్లు, కడగని చేతి ద్వారానో నీటి ద్వారానో ఆకుకూర ద్వారానో ఎవరి నోట్లోకి వెళ్తే వాళ్ళకే మెదడులో తిత్తి కట్టేది. పంది మాంసం జన్మలో ముట్టనివాళ్ళకీ ఈ జబ్బు రావడానికి కారణం ఇదే. బద్దె పురుగు పాతుకుపోయిన ప్రాంతాల్లో మూర్ఛ రోగుల్లో దాదాపు 30 శాతం మందికి ఇదే కారణమని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది.

ఇప్పుడు ఆ తండ్రి దగ్గరికొస్తాను. పెద్దాసుపత్రిలో అతనికి చెప్పిన మాటలు రెండే రెండు: "పురుగు", "పంది". పిల్లాడికిచ్చిన మాత్ర చూసి అతను గుర్తుపట్టాడు. అది బళ్ళో ఏటా ఇచ్చే నులి పురుగుల మాత్రే, ఆల్బెండజోల్. మాత్ర అదే కాబట్టి పురుగూ అదే అనుకున్నాడు. పురుగు మందు అయిపోయింది, పురుగు చచ్చి ఉంటుంది, ఇంక ఫిట్స్ మాత్రలెందుకని నెల తిరక్కుండా ఆపేశాడు. ఇంట్లో ఉన్న రెండు పందుల్ని సంతలో వచ్చిన ధరకి అమ్మేశాడు. తప్పు తిండి తినిపించావని పెళ్ళాన్ని తిట్టాడు. మూడు నెలలకి పిల్లాడు పొయ్యి దగ్గర కూర్చుని ఉండగా మూర్ఛ వచ్చి నిప్పుల మీద పడ్డాడు. కుడి ముంజేయి మోచేతి దాకా కాలింది. ఆ మచ్చ నేను చూశాను. చర్మం ముడుచుకుపోయి, రెండు వేళ్ళు పూర్తిగా చాపలేకపోతున్నాడు.

అతను చేసినదాంట్లో తెలివితక్కువతనం ఎక్కడుంది? తనకి చెప్పిన రెండు మాటల్లోంచి ఎంత అర్థం తీయగలడో అంతా తీశాడు. మిగతాది చెప్పాల్సింది మనం.

2023 ఆగస్టులో ఆస్ట్రేలియా వార్త ఒకటి మన పత్రికల్లోనూ టీవీల్లోనూ బాగా తిరిగింది. ఒకావిడ మెదడులోంచి బతికున్న పురుగుని బయటికి తీశారని. కాన్‌బెర్రా ఆసుపత్రిలో ఆపరేషన్ చేసిన న్యూరోసర్జన్ పేరు హరిప్రియ బండి. రోగికి 64 ఏళ్ళు. మొదట కడుపు నొప్పి, దగ్గు, రాత్రిళ్ళు చెమటలు. తర్వాత మతిమరుపు, దిగులు. 2022 జూన్‌లో తల తెరిచి చూస్తే ఎనిమిది సెంటీమీటర్ల ఎర్రటి పురుగు కదులుతోంది. వార్త వచ్చిన వారం నాకు పాడేరు నుంచి, చోడవరం నుంచి ఫోన్లు. "మన పిల్లలకొచ్చే పురుగు అదేనా?" అని ఒకే ప్రశ్న.

అది కాదు. ఆ పురుగు పేరు ఓఫిడాస్కారిస్ రాబర్ట్సి. గ్రీకులో ఓఫిస్ అంటే పాము. ఆస్కారిస్ అంటే మన ఏలిక పామే. అంటే పాము కడుపులో ఉండే ఏలిక పాము, కార్పెట్ పైథాన్ అనే కొండచిలువది. పాము రెట్టలో పడ్డ గుడ్లు అడవి ఆకుకూర మీదుండి, ఆ కూర కోసి వండిన ఆవిడ చేతిమీదుగానో నోటిమీదుగానో లోపలికి వెళ్ళి ఉంటాయని డాక్టర్లు అన్నారు. మనిషిలో ఆ పురుగు కనబడడం ప్రపంచంలో అదే మొదలు. వాళ్ళు చేసిన పనుల్లో నాకు అన్నిటికన్నా నచ్చింది ఒకటుంది. పురుగుని బయటికి తీశాక "పురుగు" అని రాసి ఊరుకోలేదు. పురుగుల నిపుణుల దగ్గరికి పంపి, జన్యువులు పరీక్ష చేయించి, ఇంటిపేరుతో సహా కనుక్కున్నారు. ఆ పేరు తెలిశాకే ఏ మందు, ఎన్నాళ్ళు, దాంతో పాటు వాపు తగ్గించే మందు ఎంత అన్నది తేల్చుకున్నారు.

మెదడుకెక్కే గుండ్రటి పురుగుల్లో ఎక్కువగా కనబడేది వేరొకటి ఉంది. దాని పేరు వింటే పారిపోవాలనిపిస్తుంది: యాంజియోస్ట్రాంగిలస్ కాంటోనెన్సిస్. విడదీస్తే అందులో భయపడేదేమీ లేదు. యాంజియో అంటే రక్తనాళం, స్ట్రాంగిలస్ అంటే గుండ్రనిది. 1935లో చెన్ అనే శాస్త్రజ్ఞుడు చైనాలోని కాంటన్ ఎలుకల్లో దీన్ని కనుక్కున్నాడు కాబట్టి కాంటోనెన్సిస్. అసలు కాపురం ఎలుక ఊపిరితిత్తుల రక్తనాళాల్లో. ఎలుక పెంటికల్లో దీని పిల్లలు బయటికొస్తాయి, వాటిని నత్త తింటుంది. ఆ నత్తని పచ్చిగా తిన్న మనిషికో, నత్త పాకిన ఆకుని కడక్కుండా తిన్న మనిషికో అవి మెదడుకి చేరతాయి. మనిషిలో మొదటి కేసు 1945లో తైవాన్ నుంచి బయటికొచ్చింది. 2008 నాటికి ప్రపంచం మొత్తం మీద నమోదైనవి 2,800 పైచిలుకు. జబ్బు పేరు న్యూరోయాంజియోస్ట్రాంగిలియాసిస్. "న్యూరో" నరాలు, చివర "ఇయాసిస్" జబ్బు. తెలుగులో "మెదడుకెక్కిన ఎలుక పురుగు" అంటే చాలు, ఏమీ పోదు. ఎక్కడి నుంచి వస్తుందో కూడా ఆ పేరే చెప్పేస్తుంది.

ఇది మనకి దూరం సంగతి అనుకోవద్దు. 2006లో కేరళ నుంచి ఇలాంటి రోగుల గురించి ఒక వైద్య నివేదిక వచ్చింది. ఉడుముని పచ్చిగా తిన్నవాళ్ళు తలనొప్పితో, మెడ బిగుసుకుపోయి ఆసుపత్రికొచ్చారు. ఉడుము నత్తల్ని తింటుంది, నత్తలోని పురుగు పిల్ల ఉడుములోకి చేరుతుంది. ఉడుము మాంసం నడుముకి బలమనే మాట మన దగ్గర విననివాళ్ళెవరు? చైత్రంలో ఇటుకల పండగకి మగవాళ్ళు అడవికి వేటకి వెళ్ళే కొండలివి. ఉడుముని చంపడం 1972 వన్యప్రాణి చట్టం ప్రకారం నేరం. చట్టం మాట అలా ఉంచినా, పచ్చి నెత్తురు, పచ్చి కార్జం నోట్లో పెట్టకండని చేతులు జోడించి చెబుతున్నాను. నత్తల సంగతి వేరు. వానలు పడ్డాక మళ్ళల్లోనూ గెడ్డల్లోనూ ఏరిన నత్తల్ని మన ఆడవాళ్ళు బాగా ఉడకబెట్టే వండుతారు. నీళ్ళు తెర్లినాక ఐదు నిమిషాలు ఉడికితే పురుగు పిల్ల చస్తుంది. ఆ అలవాటు మంచిది, దాన్ని అలాగే ఉంచుకోవాలి. గుల్ల పగలగొట్టిన చేతిని కడుక్కోవడం ఒక్కటీ చేర్చుకుంటే సరి.

ఈ జబ్బు పట్టుబడేది ల్యాబ్‌లోనే. అందుకే నాకు దీనిమీద ఇంత మమకారం. నడుము దగ్గర సూది పెట్టి తీసిన వెన్నునీటిని పరీక్షకి పంపుతారు. లెక్కపెట్టే గాజు పలకలో రంగు వెయ్యకుండా చూస్తే తెల్లకణాలన్నీ ఇంచుమించు ఒకేలా కనబడతాయి. "కణాలు ఎక్కువున్నాయి" అని రాసి పంపితే, అటు డాక్టరు మెదడు క్షయ అనుకోవచ్చు. అదే ఒక చుక్కని స్లైడు మీద పూతగా ఆరబెట్టి లీష్‌మన్ రంగు వేస్తే అసలు దొంగ జాడ దొరుకుతుంది. ఆ కణానికి రెండు తమ్మెల కేంద్రకం, కంటికి పెట్టుకున్న కళ్ళజోడులా. చుట్టూ ఎర్రటి గింజలు, పండు మిరప గింజలు గిన్నెలో పోసినట్టు కిక్కిరిసి ఉంటాయి. దాని పేరు ఇసినోఫిల్. 1879లో పాల్ ఎర్లిక్ దాన్ని గుర్తించాడు, ఇసిన్ అనే గులాబి రంగుని ఇష్టంగా పీల్చుకుంటుంది కాబట్టి ఆ పేరొచ్చింది. ఆ రంగు పేరుకి మూలం గ్రీకులో ఉషస్సు. వెన్నునీటిలో తెల్లకణాల్లో నూటికి పది మించి ఇవే ఉంటే, లోపల పురుగేదో ఉండొచ్చని అనుమానించాలి. అప్పుడా రోగికి నెలల తరబడి క్షయ మందుల అవసరం ఉండదు. ఎక్కువమందికి వాపు తగ్గించే స్టెరాయిడ్లతో, వెన్నునీరు కొంచెం తీసి తలలో ఒత్తిడి తగ్గించడంతో నయమవుతుంది. ఆ పురుగు పిల్లలు మనిషిలో పెద్దవై గుడ్లు పెట్టలేవు, వాటంతటవే చస్తాయి. ఒక్కసారిగా మందేసి చంపితే చచ్చిన పురుగుల చుట్టూ వాపు పెరుగుతుందేమోనని డాక్టర్లు వెనకాముందూ ఆలోచిస్తారు.

చూడండి, రెండు పురుగులూ మెదడులోనివే. ఒకటి చదునుది, ఒకటి గుండ్రటిది. ఒకదానికి ఆల్బెండజోల్ రోజుల తరబడి, ముందుగా స్టెరాయిడ్, పైన ఫిట్స్ మాత్రలు నెలల పాటు. ఇంకోదానికి స్టెరాయిడే ముఖ్యం. ఒకటి ఇంట్లో ఇంకో మనిషి పేగులోంచి వచ్చింది, ఇంకోటి నత్త నుంచి వచ్చింది. ఒకదానికి ఇంటిల్లిపాదికీ మల పరీక్ష చేయించాలి, ఇంకోదానికి వంటింటి అలవాటు చూసుకోవాలి. ఇంత తేడాని "పురుగు" అన్న ఒక్క మాటలో కలిపేస్తే ఆ ఇంటివాళ్ళు ఏం చెయ్యాలి?

పేరు తప్పితే వైద్యం తప్పడం డాక్టర్లకీ జరిగింది. మన దేశంలో ఫిట్స్ వచ్చిన రోగుల తల స్కాన్ తీస్తే చిన్న మచ్చ ఒక్కటి కనబడేది. చాలా ఏళ్ళు దాన్ని క్షయ గడ్డ అనుకున్నారు, రోగుల చేత నెలల తరబడి క్షయ మందులు మింగించారు. 1980ల చివర్లో వెల్లూరు క్రైస్తవ వైద్య కళాశాలలో చాందీ, రాజశేఖర్ బృందం ఆ మచ్చల ముక్క తీసి పరీక్షిస్తే, వాటిల్లో ఎక్కువ బద్దె పురుగు తిత్తులని తేలింది. అప్పటినుంచి ఎంతమంది అనవసరపు మందుల నుంచి బయటపడ్డారో ఊహించుకోండి. అంత చదువుకున్నవాళ్ళకే పేరు అంత ముఖ్యమైతే, కొండ మీద తండ్రికి అక్కర్లేదా?

సంత ముగిశాక అతని వెంట వాళ్ళ ఊరు వెళ్ళాను. జీపు దిగి గంటన్నర నడక. ఇంట్లో పిల్లాడు, తల్లి, చెల్లెలు, నాయనమ్మ. నాయనమ్మే పొద్దున్నే చోడి అంబలి కాచి అందరికీ పోసేది. నేనడిగాను, ఈమధ్య ఎవరికైనా మలంలో తెల్లగా, చదునుగా, గుమ్మడి గింజల్లాంటివి పడ్డాయా అని. ఎవరూ మాట్లాడలేదు. కాసేపటికి ముసలమ్మ తల దించుకుని, "నాకు పడతాయి బాబూ, రెండేళ్ళ నుంచీ" అంది. ఎవరికి చెప్పాలో తెలియక చెప్పలేదంది.

మర్నాడు అందరి మలమూ ఆరోగ్య కేంద్రానికి తెప్పించాం. ఇప్పుడక్కడున్న టెక్నీషియన్ అమ్మాయి నన్ను పక్కన కూర్చోబెట్టుకుంది. నాయనమ్మ స్లైడులో మూడో గళ్ళోనే కనబడింది, బండి చక్రం. గుడ్డు చూసి అది పంది నుంచి వచ్చిన బద్దె పురుగో, పశువు నుంచి వచ్చిందో చెప్పలేం, రెండూ ఒకేలా ఉంటాయి. మనవడి తలలో తిత్తి ఉంది కాబట్టి ఇక్కడ సందేహం తక్కువ. డాక్టరమ్మ పరీక్ష చేసి ముసలమ్మకి మందు ఇచ్చింది.

ఆ తర్వాత పని అన్నిటికన్నా కష్టం. నీ చేతి అంబలిలోంచే మనవడికి జబ్బు వచ్చిందని ఒక నాయనమ్మకి ఎలా చెబుతాం? ఆశా కార్యకర్త వాళ్ళ భాషలోనే, ఆదివాసీ ఒడియాలో చెప్పింది. నాకు వచ్చినంత మేరకు విన్నాను. పురుగుని తప్పుపట్టింది, మనిషిని పట్టలేదు. ఊరికి నీళ్ళు అందకపోవడం, మరుగుదొడ్డి గోడలు లేచి పైకప్పు లేకుండా ఆగిపోవడం, పందులు ఆరుబయట తిరగడం, అన్నీ వరసగా చెప్పింది. ముసలమ్మ విని లేచి వెళ్ళి చేతులు బూడిదతో తోముకుని వచ్చింది. అందరం చూస్తుండగానే మనవడి తల నిమిరింది.

నాకు ఇంకొకటి కూడా చెప్పాలనుంది. ఆ పిల్లాడికి మొదటిసారి ఫిట్స్ వచ్చినప్పుడు తండ్రి ఊరి నాటువైద్యుడు దిసారి దగ్గరికి తీసుకెళ్ళాడు. ముప్పై ఏళ్ళ పాటు నేను ఇలాంటివాళ్ళ మీద విసుక్కున్నాను, ముందు ఆసుపత్రికి రావచ్చు కదా అని. ఆ రోజు అతను చెప్పిన మాటకి నా దగ్గర జవాబు లేకపోయింది. "దిసారి కూర్చోబెట్టి మాట్లాడతాడు బాబూ. ఎక్కడ తిరిగాడు, ఏం తిన్నాడు అడుగుతాడు. ఏం పట్టిందో పేరు చెప్తాడు" అన్నాడు. దిసారి చెప్పిన పేరు తప్పు కావచ్చు. వాళ్ళ భాషలో, వాళ్ళ ఎదుట కూర్చుని చెప్పాడు. మన దగ్గర సరైన పేరుంది, దాన్ని మూడు ఇంగ్లీషు అక్షరాల్లో దాచి చేతిలో పెట్టాం.

తెలుగులో రాయడం కష్టమంటారు కొందరు. కొండ భాషల్లో అసలు వీల్లేదంటారు. 2004 ప్రాంతంలో మన రాష్ట్రంలోనే కువి, కొండ, సవర, కోయ, ఆదివాసీ ఒడియా సహా ఎనిమిది గిరిజన భాషల్లో, తెలుగు లిపిలో, చిన్న తరగతుల బడి పుస్తకాలు తయారయ్యాయి. ఆ ఊళ్ళ టీచర్లే కూర్చుని రాశారు. ఒకటో తరగతి పాఠం రాయగలిగిన లిపిలో ఆసుపత్రి కాగితం మీద నాలుగు లైన్లు రాయలేమా? డాక్టర్ల ఇంగ్లీషు అలాగే ఉండనివ్వండి, రేపు ఇంకో ఆసుపత్రికి వెళ్తే అది కావాలి. దాని కింద చోటుంటుంది.

ఒక జాగ్రత్త చెప్పకపోతే నా రాత వల్ల చెరుపు జరుగుతుంది. 2015 నుంచి ఏటా బళ్ళల్లోనూ అంగన్వాడీల్లోనూ ఇస్తున్న నులి పురుగుల మాత్ర మంచిది. ఏడాది నుంచి 19 ఏళ్ళ లోపు పిల్లలందరికీ ఇప్పించండి, నెత్తురు తక్కువైన మన పిల్లలకి అది చాలా అవసరం. పిల్లాడికి ఎప్పుడైనా మూర్ఛ వచ్చి ఉంటే, లేదా ఫిట్స్ మందులు వాడుతుంటే, మాత్ర వేసేముందు ఆ సంగతి టీచరుకీ ఏఎన్ఎంకీ చెప్పి డాక్టరుని అడగండి. మెదడులో తిత్తులుంటే ఆ మందు వాటిని కదిపి వాపు తేవచ్చు. ఫిట్స్ మాత్రలు డాక్టరు ఆపమనేదాకా ఆపకండి. పంది మాంసం తినేవాళ్ళు లోపలి ఎరుపు పూర్తిగా పోయేదాకా ఉడికించండి. కోసేటప్పుడు సగ్గుబియ్యంలా తెల్లటి గింజలు కనబడితే ఆ మాంసం వండకండి, అమ్మకండి.

పాడేరులో ఇప్పుడు ప్రభుత్వ వైద్య కళాశాల ఉంది. అక్కడ చదువుతున్న పిల్లలు రేపు ఈ కొండల్లోనే హౌస్‌సర్జన్లవుతారు, డిశ్చార్జి కాగితాలు రాసేది వాళ్ళే. వాళ్ళకీ, వాళ్ళకి పాఠం చెప్పే ప్రొఫెసర్లకీ, జిల్లా వైద్యాధికారులకీ నాదొక విన్నపం. మెదడులో పురుగున్న ప్రతి రోగి కాగితం కిందా నాలుగు విషయాలు తెలుగులో రాయండి: ఏ పురుగు, ఎలా వచ్చింది, మందు ఎన్నాళ్ళు, ఇంట్లో ఇంకా ఎవరికి పరీక్ష. ఆ నాలుగు లైన్లనీ ఆశా కార్యకర్త చేత వాళ్ళ భాషలో ఒకసారి చదివించి, విన్నవాళ్ళ చేత తిరిగి చెప్పించండి. రాయడానికి రెండు నిమిషాలు, చెప్పడానికి ఐదు నిమిషాలు.

ఆ తండ్రి దగ్గరున్న కాగితం వెనక నేనే రాసిచ్చాను. "మీవాడి మెదడులో ఉన్నది బద్దె పురుగు పిల్ల తిత్తి. బళ్ళో మాత్ర వేసే నులి పురుగు కాదు. ఇంకొకరి కడుపులోని పురుగు గుడ్లు నోట్లోకి పోయి వచ్చింది. ఫిట్స్ మాత్ర రోజూ పొద్దునా రాత్రీ, డాక్టరు ఆపమనేదాకా." కిందటి నెల సంతలో మళ్ళీ కనబడ్డాడు. ఆ కాగితానికి అరకులో ప్లాస్టిక్ అట్ట వేయించి పెట్టుకున్నాడు. పిల్లాడికి మూర్ఛ వచ్చి పద్నాలుగు నెలలైందట.